‘రషోమాన్’లో ఆ ఎండ ఎవరిది?

అకిరా కురొసావా తీసిన జపాన్ సినిమా ‘రషోమాన్’ మాట ఎప్పుడొచ్చినా మనం ఒకే చోట ఆగిపోతాం. ఒక హత్య, నలుగురు చెప్పిన నాలుగు కథలు, ఏది నిజమో తేలకపోవడం. మన దగ్గర ఏ సినిమాలోనైనా ఒకే సంఘటన రెండోసారి ఇంకొకరి వైపు నుంచి కనిపిస్తే చాలు, రివ్యూలో ‘రషోమాన్ తరహా స్క్రీన్‌ప్లే’ అనే మాట పడిపోతుంది. కథ సంగతి సరే, ఆ అడవి సంగతేమిటి? కొమ్మల సందుల్లోంచి జారి మనుషుల ముఖాల మీద మరకలు మరకలుగా పడి, గాలి వీస్తే తనూ వణికే ఆ ఎండ సంగతేమిటి? అది లేకపోతే మిగిలేవి ఉత్త వాంగ్మూలాలే. దాన్ని ‘కురొసావా ఎండ’ అంటూ రాసిన వ్యాసాలు బోలెడు చదివాను. నాకు పేచీ అక్కడే.

ఆ ఎండను పట్టినవాడు కజువో మియాగావా. 1908లో క్యోటోలో పుట్టాడు, 1999లో పోయాడు. జపాన్ సినిమా అనగానే ప్రపంచమంతా చెప్పే డైరెక్టర్ల పేర్లు అకిరా కురొసావా, కెంజి మిజోగుచి, యసుజిరో ఓజు, కోన్ ఇచికావా. ఈ నలుగురి దగ్గరా ఆయన కెమెరామన్‌గా పనిచేశాడు, అదీ వాళ్ల మంచి సినిమాలకు. ఈ నలుగురి పద్ధతులూ ఒకదానితో ఒకటి పొసగవు. ఒకరికి కెమెరా పరుగెత్తాలి, ఒకరికి తేలాలి, ఒకరికి నేలకు అతుక్కుని కదలకుండా ఉండాలి, ఇంకొకరికి ప్రతి సినిమాకూ కొత్త వేషం కట్టాలి. నలుగురికీ నప్పిన మనిషికి సొంతంగా ఏమున్నట్టు? ఏమీ లేదు, డైరెక్టరు చెప్పింది చేశాడంతే అనేవాళ్లున్నారు. నేను ఒప్పుకోను. అలాగని అసలు సినిమా తీసింది కెమెరామనే, డైరెక్టరు పక్కన కుర్చీ వేసుకుని కూర్చున్నాడు అనే అభిమానుల వాదనా నాకు ఎక్కదు. మియాగావా పనిని మొదట్నించీ చూసుకుంటూ వస్తే ఈ రెండు మాటలూ నిలబడవు.

మియాగావా చిన్నప్పుడు నేర్చుకున్నది కెమెరా కాదు, సిరా బొమ్మలు. నల్ల సిరా, నీళ్లు, కుంచె, కాగితం. రంగులుండవు. సిరాలో ఎన్ని నీళ్లు కలిపితే అంత పలచన. కొండ దగ్గరుందా దూరంగా ఉందా అన్నది ఆ పలచనను బట్టే తెలియాలి. నల్ల సిరాలోనే అయిదు రంగులుంటాయని చైనా, జపాన్ చిత్రకారులు పాతకాలం నుంచీ అంటూ వస్తున్నారు. 1926లో క్యోటోలోని నిక్కత్సు స్టూడియోలో చేరినప్పుడు కూడా ఆయన్ను వేసింది కెమెరా వైపు కాదు, లాబ్‌లో. పొద్దస్తమానం ఎవరో తీసిన ఫిల్ము కడగడం. ఆ తర్వాత కెమెరా అసిస్టెంటు. సొంతంగా కెమెరామన్ అయ్యేసరికి 1935 వచ్చింది.

ఆయన మీద వచ్చే వ్యాసాల్లో లాబ్ రోజులకు ఒక వాక్యం దక్కుతుంది, అంతే. నాకు మాత్రం మొత్తం గుట్టు అక్కడే ఉందనిపిస్తుంది. దానికి కారణం ఉంది. డిగ్రీ రోజుల్లో, సెలవులకు మా ఊరి ఫొటో స్టూడియోలో పనిచేశాను. ఎర్ర బల్బు వెలుగులో కాగితాన్ని ట్రేలో వేసి ఊపుతుంటే ముందు జుట్టు వస్తుంది, తర్వాత కనుబొమ్మలు, ఆఖర్న చొక్కా మడతలు. తెల్ల చొక్కాలో మడతలు వచ్చేదాకా ఆగితే జుట్టు ముద్దయిపోతుంది. జుట్టులో పాయలు కనిపిస్తుండగానే తీసేస్తే చొక్కా ఉత్త తెల్ల కాగితం. ఈ రెంటికీ మధ్య ఎక్కడ తీసి, బొమ్మను అక్కడితో ఆపి ఖాయం చేసే హైపో ద్రావణంలో వేయాలన్నది మా ఓనరు నోటితో చెప్పేవాడు కాదు, వేళ్లతో తీసి చూపించేవాడు. ఆ గదిలో కొన్నాళ్లు గడిపినవాడు తర్వాత కెమెరా పట్టుకుంటే చూసే పద్ధతే మారుతుంది. ఎదురుగా ఉన్నది కంటికి ఎలా ఉందని కాదు, ట్రేలో ఎలా తేలుతుందని చూస్తాడు. మియాగావా జీవితమంతా అలాగే చూశాడని ఆయన సినిమాలే చెబుతాయి.

1943లో హిరోషి ఇనగాకి తీసిన రిక్షావాడి కథ ‘ముహోమత్సు’లో ఆ చూపు మొదటిసారి పెద్దగా బయటపడింది. సైనికాధికారి చనిపోతే ఆ కుటుంబానికి అండగా నిలబడిన మొరటు రిక్షావాడు, లోపల్లోపల ఆ అధికారి భార్య మీద ప్రేమ పెంచుకుంటాడు. రిక్షా లాగేవాడికి అధికారి భార్య మీద ప్రేమేమిటని యుద్ధకాలపు సెన్సారు ఆ సన్నివేశాన్ని కోసిపారేసింది. యుద్ధం ఓడాక అమెరికన్ల సెన్సారు వచ్చి, రష్యా మీద గెలుపు సంబరాలున్న ముక్కల్ని కోసింది. రెండు కత్తెర్లు పడ్డా సినిమా బతికిందంటే అందులో ఆఖరి ఘట్టం వాటా ఎంతో ఉంది. ముహోమత్సు బతుకంతా కళ్లముందు తిరుగుతుంది: తిరిగే రిక్షా చక్రం, మనుషుల ముఖాలు, పాత జ్ఞాపకాలు ఒకదాని మీద ఒకటి వచ్చి కరిగిపోతుంటాయి. ఇది తర్వాత లాబ్‌లో కలిపిన పని కాదు. కెమెరాలోనే ఫిల్మును వెనక్కి తిప్పి, అదే ముక్క మీద మళ్లీ మళ్లీ తీసింది. ఎన్నో ఫ్రేము దగ్గర ఏ బొమ్మ మొదలవ్వాలి, ఎంత మసకగా ఉండాలి, ఎక్కడ పోవాలి అన్నది ముందే కాగితం మీద లెక్క కట్టుకోవాలి. ఒక్కచోట ఎక్స్‌పోజరు ఎక్కువైతే అంతకుముందు తీసినవన్నీ పోయినట్టే. చూసుకోవడానికి మానిటరు లేదు. ఇనగాకి 1958లో అదే కథను తొషిరో మిఫునెతో రంగుల్లో మళ్లీ తీస్తే వెనిస్‌లో గోల్డెన్ లయన్ వచ్చింది. దానికి కెమెరామన్ వేరు. బహుమతి దానికొచ్చినా, రెండూ చూసిన నాకు కోతలు పడ్డ పాతదే ఎక్కువ.

ఇక ‘రషోమాన్’. 1950 వేసవిలో తీశారు. అప్పటికి మియాగావా దైయెయ్ కంపెనీలో ఉన్నాడు, యుద్ధకాలంలో నిక్కత్సు నిర్మాణ విభాగం అందులో కలిసిపోయింది. కురొసావా బయటి నుంచి వచ్చిన డైరెక్టరు. అడవి ఘట్టాలు కొన్ని నారా దగ్గరి పాత అడవిలో, కొన్ని క్యోటో శివార్లలోని కోమ్యోజి గుడి వెనకాల అడవిలో తీశారు. నారా అడవిలో చెట్ల మీంచి జలగలు మీద పడేవని, ఒంటికి ఉప్పు పూసుకుని పనిచేశామని కురొసావా ఆత్మకథలో రాసుకున్నాడు. జలగల సంగతి పక్కనపెట్టినా, కెమెరామన్‌కు ఆ అడవిలో అసలు కష్టం చీకటి. చెట్లు అంత ఒత్తుగా ఉంటే కింద వెలుగు చాలదు. మామూలుగా వెండి కాగితం అంటించిన రిఫ్లెక్టర్లతో ఎండను తిప్పి ముఖం మీదకు కొడతారు. ఆ వెలుగు మెత్తగా, చదునుగా ఉంటుంది. కురొసావాకు కావలసింది అది కాదు, మూకీ సినిమాల్లోలా నలుపు నలుపుగా, తెలుపు తెలుపుగా తెగిపోవాలి. మియాగావా రిఫ్లెక్టర్లు పక్కన పడేసి నిలువుటద్దాలు తెప్పించాడు. ఎండ పడే చోట ఒక అద్దం, అక్కణ్నుంచి లోపలికి ఇంకో అద్దం, అలా వెలుగును అడవి లోపలికి తోడి తెచ్చాడు. అద్దం నుంచి వచ్చే ఎండకు అంచు ఉంటుంది. దానికి అడ్డంగా కొమ్మ పట్టుకుంటే ప్రతి ఆకు నీడా విడిగా పడుతుంది.

ఇదంతా అందం కోసమేనా? బందిపోటు తజోమరు చెట్టు కింద కునుకు తీస్తుంటాడు. ముఖం మీద ఆకుల నీడలు. అటుగా సమురాయ్, గుర్రం మీద అతని భార్య. చిన్న గాలి వీస్తుంది. ముందు ఆ నీడలు కదులుతాయి, అతను కళ్లు తెరుస్తాడు, అదే గాలికి ఆమె మేలిముసుగు తొలగి ముఖం కనబడుతుంది. ఆ గాలి వీచకపోయి ఉంటే ఆ మగాణ్ని చంపేవాణ్ని కాదని తజోమరు తర్వాత చెబుతాడు. ఒక హత్య మొత్తం ఒక గాలి తెర మీద ఆధారపడి ఉంది. గాలి కెమెరాకు కనబడదు కదా! నీడ కదిలితేనే అది వీచిందని మనకు తెలుస్తుంది. స్క్రిప్టులో ‘గాలి వీచెను’ అని ఎవరైనా రాయగలరు. మిఫునె ముక్కు మీద, చెంప మీద ఆ నీడను ఎంత కదిలించాలో స్క్రిప్టు చెప్పదు.

సూర్యుడి వైపు నేరుగా కెమెరా పెట్టడం కూడా ఇందులోనే. అప్పట్లో అది చేయకూడని పని, ఫిల్ము కాలిపోతుందని భయం. మియాగావా తెగించాడు. రషోమాన్ ద్వారం దగ్గర వానదీ ఇలాంటి కథే. వెలుగున్న ఆకాశం ముందు వాన చినుకులు కెమెరాకు ఆనవు. ఫైరింజన్ల నీళ్లలో నల్ల సిరా కలిపి కురిపించారు. సిరా బొమ్మలు నేర్చుకున్నవాడి సినిమాలో వానకు సిరా కలపడం చూసి నాకు నవ్వొచ్చింది. ఆ ఆలోచన మొదట ఎవరిదైనా కానీ, నీళ్లలో ఎంత సిరా పడితే తెర మీద ఎంత నలుపు వస్తుందో ఆ యూనిట్‌లో మియాగావా కంటే బాగా తెలిసినవాళ్లు ఉండి ఉండరు.

విచిత్రమేమిటంటే, డైరెక్టరుకు మొత్తం కట్టబెట్టే మన అలవాటు ఆ డైరెక్టరుకే లేదు. కురొసావాతో మియాగావాకు అది మొదటి సినిమా. తన పని ఆయనకు నచ్చుతోందో లేదోనని లోపల టెన్షన్. నటుడు తకాషి షిమురా ద్వారా ఆ సంగతి చెవిన పడితే, వందకు వంద, ఇంకా ఎక్కువే అన్నాడట కురొసావా. కట్టెలు కొట్టేవాడు అడవిలోకి నడిచివెళ్లే ఘట్టంలో కెమెరా పనితనాన్ని ఆయన ఆత్మకథలో ప్రత్యేకంగా మెచ్చుకున్నాడు. 1951లో వెనిస్‌లో గోల్డెన్ లయన్ వచ్చాక ప్రపంచం లేచి చూసింది. సత్యజిత్ రాయ్ కలకత్తాలో వరసగా మూడు రోజులు చూశానని రాసుకున్నాడు. ఆ తర్వాతే కెమెరామన్ పేరు మెల్లగా చిన్న అక్షరాల్లోకి వెళ్లిపోయింది.

ఎదుటివాళ్ల వాదనకు ఇక్కడ బలముంది, దాచను. కురొసావా ‘ఇకిరు’, ‘సెవెన్ సమురాయ్’ తీసినప్పుడు కెమెరా అసకజు నకాయ్‌ది. అవి ‘రషోమాన్’ కంటే తక్కువ సినిమాలా? కాదు. ఓజు గొప్ప సినిమాలకు కెమెరా యుహారు అత్సుతాది. కెమెరామన్ మారినా సినిమా నిలబడిందంటే డైరెక్టరు చూపే ముఖ్యం కదా? ఒప్పుకుంటాను, సినిమా నిలబడుతుంది. కానీ అదే సినిమా కాదు. ‘ఇకిరు’లో వెలుగు ఆఫీసు కాగితాల మధ్య ఉండే వెలుగు, ఆ కథకు అది సరిపోయింది. ‘రషోమాన్’ ఎండ కురొసావా దగ్గర మళ్లీ కనబడలేదు. డైరెక్టరు ఏం కావాలో అడుగుతాడు. అడగ్గానే వచ్చేదైతే ప్రతి సినిమాలోనూ వచ్చి ఉండేది.

మిజోగుచి సంగతి ఇంకా తమాషా. ఆయన వ్యూఫైండర్‌లో కన్ను పెట్టడానికే ఇష్టపడేవాడు కాదు. నటులతో రోజంతా కుస్తీ పడతాడు, ఫ్రేము మాత్రం కెమెరామన్‌కు వదిలేస్తాడు. 1951 నుంచి 1956 దాకా ఇద్దరూ కలిసి ఎనిమిది సినిమాలు చేశారు. ‘ఉగెత్సు’లో 70 శాతం షాట్లు క్రేన్ మీదే తీశానని మియాగావా చెప్పుకున్నాడు. మనకు క్రేన్ అంటే హీరో ఎంట్రీ, పాటలో గ్రూపు డాన్సర్లు, గుడి గోపురం మీంచి కిందికి దిగడం. ‘ఉగెత్సు’ చూస్తున్నంతసేపు క్రేన్ వాడారని మీకు తెలియనే తెలియదు. ఎక్కడో ఒక జానెడు లేస్తుంది, ఇంకోచోట ఒక అడుగు పక్కకు జరుగుతుంది, మనిషి కదిలితే వెనకే వెళ్తుంది. జపాన్‌లో చుట్ట చుట్టిన పొడవాటి బొమ్మల కథలుంటాయి. ఒక చేత్తో విప్పుతూ ఇంకో చేత్తో చుడుతూ చూడాలి. మిజోగుచి కోరుకున్నది అలాంటి సాగుడు.

ఆ సినిమా చివరి భాగంలో ఒక షాట్ ఉంది. ఎన్నిసార్లు చూసినా నాకు తనివి తీరదు. కుండలు చేసే గెంజురో ఊరు వదిలి, దయ్యమైన పెద్దింటి ఆడదాని మోజులో పడి, అన్నీ పోగొట్టుకుని రాత్రివేళ ఇంటికి వస్తాడు. భార్యను పేరు పెట్టి పిలుస్తూ లోపలికి అడుగుపెడతాడు. ఇల్లు పాడుబడి ఉంది, పొయ్యి చల్లగా ఉంది, ఎవరూ లేరు. కెమెరా లోపలే ఉండి అతన్ని అనుసరిస్తూ పక్కకు తిరుగుతుంది. అతను వెనక తలుపులోంచి బయటికి పోయి, పిలుస్తూనే ఇంటి చుట్టూ తిరిగి ముందు వైపుకు వస్తుంటాడు. గోడ సందుల్లోంచి అతని ఆకారం కనబడుతుంటుంది. అతనితోపాటే కెమెరా కూడా వచ్చిన దారినే వెనక్కి తిరుగుతుంది. ఒక్క క్షణం కింద ఖాళీగా చూసిన చోటే ఇప్పుడు పొయ్యి మండుతోంది. పక్కన భార్య కూర్చుని వంట చూస్తోంది. కట్ లేదు. ఒక బొమ్మ కరిగి ఇంకోటి తేలే డిజాల్వ్ లేదు. కెమెరా మొహం తిప్పుకున్న ఆ కాసిన్ని సెకన్లలో పొయ్యి వెలిగించాలి, నటి కినుయో తనాకా వచ్చి కూర్చోవాలి, గది వెలుగు మొత్తం మారాలి. ఆ మారిన వెలుగు కూడా దొంగతనంగా వచ్చినట్టు కనబడకూడదు, ఎప్పట్నించో అక్కడే ఉన్నట్టుండాలి. ఆమె చచ్చిపోయిందని మనకు ముందే తెలుసు, గెంజురోకు తెలియదు. దయ్యాన్ని చూపించడానికి తెల్లచీర, పొగ, సంగీతం అన్నీ వాడే సంప్రదాయం నుంచి వచ్చిన మనకు ఒక పొయ్యి మంటతో పని జరిగిపోవడం చూస్తే దిమ్మ తిరుగుతుంది.

ఇది మిజోగుచిదా మియాగావాదా? కట్ చేయకూడదన్న పట్టు మిజోగుచిది, అందులో అనుమానం లేదు. ఆ పట్టును దయ్యం కథగా మార్చిన వెలుగు మియాగావాది. మిజోగుచి పట్టు లేకపోతే ఆ వెలుగు అవసరమే వచ్చేది కాదు. సగం సగం అని పంచడం కుదరని వ్యవహారం ఇది.

దీన్నే ఇంకో వైపు నుంచి చూడొచ్చు. మచికో క్యో అనే నటి ముఖాన్ని గమనించండి. ‘రషోమాన్’లో సమురాయ్ భార్య ఆమే. ‘ఉగెత్సు’లో పెద్దింటి దయ్యం వకాసా ఆమే. మిజోగుచి ఆఖరి సినిమాలో వేశ్యావాటికలోని దుడుకు పిల్ల, ఇచికావా ‘కగి’లో ముసలి భర్త అనుమానాల మధ్య నలిగే భార్య, ఓజు ‘ఫ్లోటింగ్ వీడ్స్’లో నాటక కంపెనీ నటి, అన్నీ ఆమే. నలుగురు డైరెక్టర్లు, ఒకే ముఖం, ఒకే కెమెరామన్. అడవిలో ఆ ముఖం మీద వెలుగు ముక్కలు ముక్కలుగా ఉంటుంది, ఆమె చెప్పేది నమ్మాలో వద్దో తెలియదు. వకాసాగా మారినప్పుడు కనుబొమ్మలు నుదుటి మీదకు గీసి, జపాన్ పాతకాలపు ‘నో’ నాటకాల ముసుగులా తెల్లగా చేశారు. మియాగావా ఆ తెలుపును ఎక్కడా తెల్లకాగితం కానివ్వలేదు. చెంప దగ్గర, మెడ దగ్గర బూడిదరంగు ఛాయ మిగిల్చాడు. అందుకే ఆమె అందంగానూ ఉంటుంది, భయంగానూ ఉంటుంది. తనదంటూ ఒక ‘లుక్’ ఉన్న కెమెరామన్ అయితే ఈ అయిదు సినిమాల్లో ఆమె ఒకేలా ఉండేది.

ఓజు దగ్గర ఆయన చేసింది ఒక్క సినిమాయే, 1959లో. ఓజు షొచికు కంపెనీ మనిషి. దైయెయ్ నటిని అరువు తీసుకున్నందుకు బదులుగా వాళ్లకు ఒక సినిమా చేసిపెట్టాల్సి వచ్చింది, అలా కుదిరింది. ఓజు కెమెరా చాప మీద కూర్చున్న మనిషి కంటే కిందికి ఉంటుంది, కదలదు. ఫ్రేములో సీసా ఎక్కడుండాలో, కప్పు ఎంత జరగాలో ఆయనే చూసుకుంటాడు. క్రేన్ మీద తేలినవాడికి ఇక్కడ చేయడానికి ఏముంది? నిజానికి పెద్దగా లేదు, మియాగావా కనబడకుండా పోయిన సినిమా ఇదే. ఒక్క వాన ఘట్టం తప్ప. ఇరుకు వీధికి ఇటు చూరు కింద అతను, అటు చూరు కింద ఆమె. మధ్యలో జోరున వాన. ఎవరూ వీధి దాటరు. ఇద్దరూ ఒకరినొకరు తిట్టుకుంటారు. చినుకులు ఒక్కొక్కటి గీతలుగా కనబడుతుంటే ఆ వాన గోడలా నిలబడిపోతుంది. సిరా కలపడానికి వీల్లేని రంగుల సినిమాలో వానను అలా నిలబెట్టడం చిన్న పని కాదు.

రంగుల దగ్గరే ఆయన లాబ్ చదువు పూర్తిగా ఉపయోగపడింది. 1960లో ఇచికావా ‘ఒతోతో’ తీశాడు. అక్కా తమ్ముళ్ల కథ, తైషో కాలం, అంటే 1912 నుంచి 1926 మధ్య. ఆ రోజుల్లోని మసక, వెలిసిపోయిన భావం కావాలి. కానీ అప్పటి కలర్ ఫిల్ములో ఎరుపు మండిపోయేది, ఆకాశం అద్దకం వేసినట్టుండేది. సెట్ మీద రంగులు తగ్గిస్తే సరిపోదు. మియాగావా తేల్చుకున్నది లాబ్‌లో. కలర్ ఫిల్మును డెవలప్ చేసినప్పుడు రంగుతోపాటు నల్లటి వెండి బొమ్మ కూడా ఏర్పడుతుంది. తర్వాతి దశలో బ్లీచు పోసి ఆ వెండిని కరిగించి కడిగేస్తారు, రంగు మాత్రం మిగులుతుంది. ఆయన బ్లీచు దశను తప్పించి ఆ వెండిని ప్రింటులోనే ఉండనిచ్చాడు. రంగు బొమ్మ మీద నలుపు తెలుపు బొమ్మ కూర్చున్నట్టయింది. నలుపు చిక్కబడింది, రంగులు దిగాయి, చర్మం మీద ఒక లోహపు మెరుపు వచ్చింది. ఆస్పత్రి గదిలో తమ్ముడి చేతికీ తన చేతికీ అక్క రిబ్బను కట్టుకుని పడుకునే ఘట్టం చూడండి. చుట్టూ రంగులు అంతగా దిగిపోయాయి కాబట్టే ఆ రిబ్బను అంతలా కనబడుతుంది.

ఈ పద్ధతిని ఇప్పుడు ‘బ్లీచ్ బైపాస్’ అంటారు. రోజర్ డీకిన్స్ 1984లో ‘నైన్టీన్ ఎయిటీ ఫోర్’కు, డారియస్ కోంజి 1995లో ‘సెవెన్’కు వాడారు. ఇవాళ మన హైదరాబాద్ డీఐ సూట్లలో, అంటే సినిమా రంగుల్ని కంప్యూటర్‌లో సరిదిద్దే గదుల్లో, మౌసుతో నొక్కితే వచ్చే ‘డీశాచురేటెడ్ లుక్’కు తాత ఇదే. కాకపోతే ఒక తేడా. కలరిస్టు నచ్చకపోతే వెనక్కి పోవచ్చు. మియాగావా కంపెనీ ఖర్చుతో, కడిగితే తిరిగి లాబ్‌కు దక్కాల్సిన వెండిని ప్రింట్లలో వదిలేసి, ముందు నుంచీ దానికి తగ్గట్టు లైటింగ్, ఎక్స్‌పోజరు లెక్క కట్టుకుని దిగాడు. ఆ ధైర్యం ఇచికావా ఇచ్చిందే అయినా, లెక్క మాత్రం లాబ్‌లో ఫిల్ము కడిగిన మనిషిది.

కెమెరామన్ గొప్పతనం తేల్చడానికి నాది ఒక మొండి పద్ధతి. ఆయన గొప్ప సినిమాలు కాదు, మామూలు సినిమాలు చూడాలి. గొప్ప డైరెక్టరు పక్కన ఉన్నప్పుడు ఎవరిది ఎంతో తేలదు. మియాగావా కంపెనీ జీతగాడు. దైయెయ్ ఏది ఇస్తే అది తీశాడు. గుడ్డి మర్దనావాడు కత్తి తిప్పే ‘జటోయిచి’ సిరీస్ వాళ్లకు కాసులు కురిపించేది, కథలు దాదాపు ఒకటే. ఆయన వాటిలోనూ కొన్ని తీశాడు. 1964లో వచ్చిన ‘జటోయిచి అండ్ ద చెస్ట్ ఆఫ్ గోల్డ్’ టైటిల్సులో చుట్టూ కటిక చీకటి, మధ్యలో మనిషి మీద మాత్రం వెలుగు, కత్తి తిరుగుతుంది. గుడ్డివాడి ప్రపంచం అలాగే ఉంటుందేమో! కథ నాకు ఇప్పుడు సగం కూడా గుర్తులేదు, ఆ చీకటి మాత్రం గుర్తుంది. ఇది ఏ డైరెక్టరు చూపు? సిరీస్‌లో డైరెక్టర్లు మారుతూనే ఉండేవాళ్లు.

మిగతావి త్వరగా చెప్పేస్తాను. 1961లో కురొసావా మళ్లీ పిలిచి ‘యోజింబో’ చేయించుకున్నాడు. ఆ దుమ్ము, ఈదురుగాలి, వీధికి రెండు కొసల్లో నిలబడ్డ ముఠాలు తర్వాత ఎన్ని దేశాల సినిమాలకు ఎక్కాయో చెప్పక్కర్లేదు. 1964 టోక్యో ఒలింపిక్స్ మీద ఇచికావా తీసిన డాక్యుమెంటరీకి వందమందికి పైగా కెమెరామన్లు పనిచేస్తే, వాళ్లను నడిపించినవాళ్లలో మియాగావా ముఖ్యుడు. 1971లో దైయెయ్ దివాలా తీసింది. ఆయన మసాహిరో షినోదాతో ‘సైలెన్స్’, ‘బాలాడ్ ఆఫ్ ఒరిన్’ లాంటివి చేశాడు, ఒసాకా కళల విశ్వవిద్యాలయంలో పాఠాలు చెప్పాడు. కురొసావా ‘కగెముషా’ మొదలుపెట్టాక చూపు దెబ్బతిని తప్పుకోవాల్సి వచ్చింది, తకావో సైతో, షోజి ఉఎదా పూర్తిచేశారు. కెమెరామన్‌కు కళ్లు దెబ్బతినడం అంటే అక్కడితో అయిపోయినట్టే అనుకుంటాం. ఆయన ఆ తర్వాత కూడా షినోదాకు సినిమాలు తీశాడు, ఆఖరిది 1989లో.

మన సంగతి కూడా ఒక మాట. ‘మాయాబజార్’ వెన్నెల గురించి మాట్లాడుకునేటప్పుడు కె.వి.రెడ్డి పేరు, నాగేశ్వరరావు, సావిత్రిల పేర్లు వచ్చినంత చప్పున మార్కస్ బార్ట్లే పేరు రాదు. చప్పట్లు కొట్టించుకున్న వెన్నెల ఆయనది. ఇప్పుడైతే రివ్యూల్లో కెమెరామన్‌కు ‘విజువల్స్ గ్రాండ్‌గా ఉన్నాయి’ అని ఒక లైను పడేసి చేతులు దులుపుకుంటున్నాం. గ్రాండ్‌గా ఉండటం కెమెరామన్ పని అని ఎవరు చెప్పారో! ‘ఉగెత్సు’ పొయ్యి దగ్గర గ్రాండ్ ఏముంది?

ఈ పేచీకి ఈమధ్య ఒక చోట తీర్పులాంటిది దొరికింది. దైయెయ్ సినిమాలు ఇప్పుడు కడొకావా కంపెనీ చేతిలో ఉన్నాయి. మార్టిన్ స్కోర్సేజీ ఫిల్మ్ ఫౌండేషన్‌తో కలిసి వాళ్లు ‘ఉగెత్సు’ను డిజిటల్‌లో బాగుచేయించారు. గీతలు తుడవడం, ఊగే ఫ్రేమును నిలబెట్టడం యంత్రాలకు వచ్చు. సరస్సు మీద పొగమంచు ఎంత బూడిదగా ఉండాలి, వకాసా ముఖం ఎంత తెల్లగా ఉండాలి అన్నది యంత్రానికి తెలియదు. నెగటివ్ చూసినా తేలదు, ఎందుకంటే ఆ ఛాయ ఖాయమయ్యేది ప్రింటులో. మిజోగుచి మీద పుస్తకాలకు లోటు లేదు. అయినా వాళ్లు సలహాకు పిలిచింది మసాహిరో మియాజిమాను. ఆయన మియాగావా దగ్గర ఏళ్ల తరబడి పనిచేసిన కెమెరా అసిస్టెంటు. ఆ వెలుగు మొత్తం డైరెక్టరు బుర్రలోంచే వచ్చిందనేవాళ్లు దీనికేమంటారో వినాలనుంది.

ఆ బాగుచేసిన ప్రింటు ఇప్పుడు డిస్కు రూపంలో దొరుకుతుంది. చూడబోయేవాళ్లు ముందు టీవీ పిక్చర్ సెట్టింగుల్లోకి వెళ్లి ‘వివిడ్’ మోడ్ తీసేయండి. అందులో చూస్తే నల్లటివన్నీ ముద్దయిపోతాయి, సరస్సు మీది మంచు సున్నం కొట్టినట్టుంటుంది. ‘సినిమా’ మోడ్ పెట్టి, గదిలో ట్యూబ్‌లైటు ఆపేసి చూడండి.